స్వర్గాన్ని తిరగేస్తే

పోయిన ఏడాది మే నెలలో మా అమ్మాయి స్కూలు బ్యాగులోంచి ఒక పుట్టినరోజు ఆహ్వానం బయటపడింది. ఊదారంగు కార్డు, దాని నిండా మెరుపులు. పిల్ల పేరు చదవబోయి నాలుక మడతపడింది. ఇంగ్లీషులో ఎన్, ఈ, వీ, ఏ, ఈ, హెచ్. "నెవా? నెవాహ్? ఇదేం పేరే?" అన్నాను.

"నెవేయా, డాడీ. హెవెన్ స్పెల్లింగు రివర్స్‌లో చదువు."

చదివాను. ఒకటికి రెండుసార్లు చదివి పకపకా నవ్వాను. కంప్యూటర్ సైన్స్ చదువుకున్నవాడికి నవ్వు రావడానికి ఇంకో కారణం కూడా ఉంది. ఒక పదాన్ని తీసుకుని అక్షరాలు తారుమారు చేసి వెనకనుంచి అచ్చు వెయ్యడం, మాకు మొదటి సెమిస్టర్లో ఇచ్చే లెక్క. పది లైన్ల ప్రోగ్రాం. "మొత్తానికి ప్రోగ్రాం రాసి పిల్లకి పేరు పెట్టేశార్రా!" అన్నాను మా ఆవిడ నీలిమతో. ఆమె కూడా నవ్వింది. మా అమ్మాయి నవ్వలేదు. కార్డు తీసుకుని తన గదిలోకి వెళ్ళిపోయింది.

ఆ వేసవికి మా అమ్మ తెనాలి నుంచి వచ్చి మా ఇంట్లోనే ఉంది. ఆర్నెల్ల వీసా మీద వచ్చే మన అమ్మానాన్నల సంగతి మీకు చెప్పేదేముంది. మొదటి నెల ఆశ్చర్యం, రెండో నెల అలవాటు, మూడో నెల నుంచి క్యాలెండరు. మా అమ్మ మూడో నెలలో ఉండగా ఆ నెవేయా అనే పిల్ల మా ఇంటికి వచ్చింది. ఇద్దరికీ స్కూల్లో "నా పేరు కథ" అని ఒక ప్రాజెక్టు ఇచ్చారట. ఎవరి పేరుకి అర్థమేమిటో, అది ఎక్కణ్ణించి వచ్చిందో, ఎవరు పెట్టారో ఇంట్లో పెద్దవాళ్ళని అడిగి పోస్టరు తయారు చెయ్యాలి. అక్కడే మొదలైంది ఈ కథంతా.

వంటింటి బల్ల దగ్గర పిల్లలిద్దరూ రంగు పెన్సిళ్ళు పరుచుకుని కూర్చున్నారు. పక్కనే అమ్మ చిక్కుడుకాయలకి ఈనెలు తీస్తోంది. కొత్త మనిషి కనపడితే పేరు, ఊరు, పేరుకి అర్థం అడక్కుండా ఉండలేదు మా అమ్మ. అడిగింది. మా అమ్మాయి దుబాసీ పని చేసింది. "స్వర్గం ఉంది కదా నాయనమ్మా, దాన్ని తిరగేశారు."

అమ్మ ఒక్క క్షణం ఆలోచించింది. "తలకిందులుగా స్వర్గమా? అది త్రిశంకుడిది కదుటే!"

ఇక విశ్వామిత్రుడు, వశిష్ఠుడు, బొందితో స్వర్గానికి పోతానని పట్టుబట్టిన రాజు, ఇంద్రుడు కిందికి తోసెయ్యడం, తలకిందులుగా పడిపోతున్నవాడిని విశ్వామిత్రుడు "తిష్ఠ" అని మధ్యలోనే ఆపేసి వాడికోసం వేరే స్వర్గాన్ని కట్టివ్వడం, అంతా చెప్పుకొచ్చింది. మా అమ్మాయి తనకి వచ్చిన ఇంగ్లీషులో తనకి వచ్చినంత అనువాదం చేసింది. (మన సంఘాల వేదికల మీద ప్రవాసుల బతుకుని త్రిశంకు స్వర్గంతో పోల్చి పోల్చి అరగదీశాం కాబట్టి ఆ పోలిక నేను మళ్ళీ తీసుకురాను.) నెవేయా కళ్ళు పెద్దవి చేసుకుని విని, తరవాత మెల్లగా ఒక మాట అంది.

"మా అమ్మమ్మ నేను పుట్టకముందే పోయింది. ఆమె స్వర్గంలో ఉందని, నేను అక్కణ్ణించి వెనక్కి వచ్చానని అమ్మ చెబుతుంది. అందుకే రివర్స్."

ఆ పక్క గదిలో లాప్‌టాప్ ముందు కూర్చుని ఇదంతా వింటున్న నాకు, మొదటి సెమిస్టర్ ప్రోగ్రాం జోకు గొంతులో అడ్డం పడింది.

ఆ రాత్రి ఆ పేరు పుట్టుపూర్వోత్తరాలు వెతికాను. ఈ దేశంలో పేర్ల లెక్కలు చూడటం చాలా తేలిక. పుట్టిన బిడ్డకి సోషల్ సెక్యూరిటీ కార్డు కోసం దరఖాస్తు పెడతాం కదా, ఆ దరఖాస్తుల్లో ఉన్న పేర్లని సోషల్ సెక్యూరిటీ అడ్మినిస్ట్రేషన్ ఏటా లెక్కగట్టి అందరికీ అందుబాటులో పెడుతుంది. 1880 నుంచి ఏడాదికొక ఫైలు. ఒక్కో వరసలో పేరు, ఆడా మగా, ఎంతమంది, మధ్యలో కామాలు. అంతే. ఒక ఏడాదిలో అయిదుగురికన్నా తక్కువమందికి పెట్టిన పేరైతే వాళ్ళెవరో బయటపడకుండా ఆ ఫైల్లో చేర్చరు. నాలాంటి వాడికి ఇంతకన్నా మంచి కాలక్షేపం ఉండదు.

1999లో అమెరికా మొత్తం మీద నెవేయా అని పేరు పెట్టిన ఆడపిల్లలు 8 మంది. 2005లో ఆ సంఖ్య 4,457. ఎనిమిది మంది ఆరేళ్ళలో నాలుగు వేలు దాటారు. మధ్యలో ఏం జరిగింది?

జరిగింది ఒక టీవీ కార్యక్రమం. పీ.ఓ.డీ. అని కాలిఫోర్నియాలోని సాన్ డియాగో ప్రాంతం నుంచి వచ్చిన రాక్ బృందం ఒకటుంది. వాళ్ళ గాయకుడు సానీ శాండోవల్. క్రైస్తవ విశ్వాసం బాగా ఉన్న మనిషి, పాటల్లోనూ అది కనిపిస్తుంది. ప్రముఖుల ఇళ్ళలోకి కెమెరా తీసుకెళ్ళి చూపించే "క్రిబ్స్" అనే కార్యక్రమం ఎంటీవీలో వచ్చేది. 2000లో ఆ కార్యక్రమంలో ఆయన తన చంటిపాపని చూపించి, పేరు నెవేయా అనీ, హెవెన్‌ని తిరగేస్తే వస్తుందనీ చెప్పాడు. ఆ పేరుని మొట్టమొదట పెట్టింది ఆయన కాదు. 1999 లెక్కలో ఉన్న ఎనిమిది మందే అందుకు సాక్ష్యం. కానీ దేశమంతా ఒకేసారి విన్నది ఆయన నోటే. మరుసటి ఏడాది, అంటే 2001లో, ఆడపిల్లల పేర్ల మొదటి వెయ్యిలో అది తొలిసారి కనిపించింది. అదీ చివర్లో ఎక్కడో కాదు, 266వ స్థానంలో. 2005కి 70వ స్థానం. 2010లో 25వ స్థానం. అదే దానికి శిఖరం. తరవాత జోరు తగ్గుతూ వచ్చింది.

70వ స్థానానికి చేరినప్పుడు అది సారా, వనెస్సా, అమాండా లాంటి పాత పేర్లని దాటిపోయింది. పత్రికలవాళ్ళు దాన్ని పెద్ద వార్త చేశారు. కొందరు ముచ్చటపడ్డారు. చాలామంది నాలాగే ఎగతాళి చేశారు. స్వర్గాన్ని తిరగేస్తే నరకం అవుతుంది కానీ పిల్ల పేరు ఎలా అవుతుందన్నారు. మగపిల్లాడైతే నరకాన్ని తిరగేసి పెడతారా అన్నారు. చదువు, డబ్బు లేనివాళ్ళ పేరు అని మూతి విరిచినవాళ్ళూ ఉన్నారు. దీనికి తోడు స్పెల్లింగు తిప్పలు. చివర్లో ఉన్న ఏ, ఈ రెండూ తారుమారై "ఎన్, ఈ, వీ, ఈ, ఏ, హెచ్" అని రాసేవాళ్ళు ఎంతమందో. ఆ స్పెల్లింగుతో కూడా పిల్లలకి పేర్లు పెట్టేశారు. దాన్ని తిరగేస్తే స్వర్గం రాదు, ఏమీ రాదు!

ఇక్కడ నాకు వింతగా తోచింది ఏమిటంటే, నెవేయా దాటిపోయిన ఆ "పాత" పేర్లలో ఉన్న వనెస్సా కూడా కల్పించిన పేరే. గలివర్ కథ రాసిన జొనాథన్ స్విఫ్ట్ ఉన్నాడే, ఆయన సృష్టి. ఎస్తర్ అని ఆయనకొక స్నేహితురాలు ఉండేది. ఆమె ఇంటిపేరులోంచి మొదటి ముక్క "వాన్" తీసుకుని, ఎస్తర్‌కి ముద్దుపేరుగా "ఎస్సా" చేర్చి వనెస్సా చేశాడు. ఆమె మీద రాసిన పద్యకావ్యం 1726లో అచ్చయింది. అందులో తన పేరు "కెడీనస్" అని పెట్టుకున్నాడు. ఆయన చర్చిలో డీన్ పదవిలో ఉండేవాడు. లాటిన్‌లో డీన్‌ని "డెకానస్" అంటారు. ఆ అక్షరాలనే అటూ ఇటూ మార్చితే కెడీనస్! అంటే మూడు వందల ఏళ్ళ క్రితమే ఒక మతగురువు కూర్చుని పేర్ల అక్షరాలతో ఆడుకున్నాడు. ఇప్పుడు దాన్ని సాహిత్యం అంటున్నాం.

వెండీ అనే పేరు ఇంకా ముద్దుగా వచ్చింది. జె.ఎం. బారీ 1904లో "పీటర్ పాన్" నాటకం ఆడించాడు. అందులో అమ్మాయి వెండీ. ఆయన మిత్రుడి చిన్నకూతురు ఆయన్ని "మై ఫ్రెండీ" అనబోయి నోరు తిరక్క "ఫ్వెండీ" అనేదట. ఆ పాప అయిదారేళ్ళకే చనిపోయింది. ఆ మాట మాత్రం నాటకంలోకి ఎక్కి, లక్షల మంది ఆడపిల్లల పేరయింది. మాడిసన్ సంగతి మరీ చిత్రం. 1984లో వచ్చిన "స్ప్లాష్" సినిమాలో మత్స్యకన్య న్యూయార్కులో వీధి బోర్డు మీద మాడిసన్ అవెన్యూ అని చూసి అదే తన పేరు అంటుంది. ఆడపిల్లకి ఆ పేరేమిటని హీరో ఆశ్చర్యపోతాడు. అది హాస్యం కోసం పెట్టిన సన్నివేశం. ఆ మరుసటి ఏడాదే ఆడపిల్లల మొదటి వెయ్యి పేర్లలోకి మాడిసన్ వచ్చింది. 2001కల్లా రెండో స్థానం! మా అమ్మాయి ఇంతకుముందు క్లాసులో ఇద్దరు మాడిసన్లు ఉండేవారు. వాళ్ళని చూసి ఎవరూ నవ్వరు.

ఓప్రా విన్‌ఫ్రీ అసలు పేరు బైబిల్లోని "ఓర్పా". ఆ పేరు పలకలేక జనం తలా ఒక రకంగా పిలిచి పిలిచి ఓప్రా చేశారు. ఆవిడ తన కంపెనీకి తన పేరునే తిరగేసి "హార్పో" అని పెట్టుకుంది.

నవ్వులాటలకి అవతల ఒక గట్టి విషయం ఉంది. మన పిల్లలున్న ఇళ్ళలో అది తెలిసి ఉండాలి. 1960ల చివరినుంచి, పౌరహక్కుల ఉద్యమం తరవాత, అమెరికాలో నల్లజాతి కుటుంబాలు తమ పిల్లలకి కొత్త పేర్లు కల్పించుకోవడం బాగా పెరిగింది. లకీషా, లటోయా లాంటివి. బానిసత్వపు రోజుల్లో యజమాని పెట్టిన పేర్లు మోసిన వంశాల్లో, మా పేరు మేమే తయారు చేసుకుంటాం అనుకోవడంలో ఒక ఆత్మగౌరవం ఉంది. దానికి వాళ్ళు చెల్లించిన మూల్యం కూడా ఉంది. మరియాన్ బెర్ట్రాండ్, సెంధిల్ ముల్లైనాథన్ అనే ఇద్దరు ఆర్థికశాస్త్రవేత్తలు బోస్టన్, షికాగో పత్రికల్లో వచ్చిన ఉద్యోగ ప్రకటనలకి సుమారు 5,000 రెజ్యూమెలు పంపారు. మనుషులు నిజం కాదు, కల్పితం. చదువు, అనుభవం ఒకేలా ఉండేలా చూసి, కొన్నిటి మీద ఎమిలీ, గ్రెగ్ అని, కొన్నిటి మీద లకీషా, జమాల్ అని పేర్లు వేశారు. 2004లో ఫలితాలు ప్రచురించారు. ఎమిలీలకి పది రెజ్యూమెలకి ఒక ఫోన్ వస్తే, లకీషాలకి ఒక ఫోన్ రావాలంటే పదిహేను పంపాల్సి వచ్చింది. మారింది పేరొక్కటే.

ఇది చదివినప్పుడు మన ఇళ్ళలో ప్రసవాలకి ముందు జరిగే చర్చలు గుర్తొచ్చాయి. "ఇక్కడివాళ్ళకి పలకడానికి వీలుగా ఉండాలి", "రెండు అక్షరాలు మించకూడదు", "అటూ ఇటూ చెల్లాలి". వెంకట సత్య సూర్యనారాయణలు పోయి ఆర్యన్లు, నీలులు, మాయలు వచ్చారు. నాకు తెలిసిన ఒకాయన అసలు పేరులో పద్దెనిమిది ఇంగ్లీషు అక్షరాలు. ఆఫీసులో ఆయన్ని శామ్ అంటారు. ఆయన తప్పు పట్టను. పేరు విని ఫోన్ పెట్టేసేవాడు అవతల ఉన్నాడో లేడో ఎవరికి తెలుసు?

ఈ దేశంలో ఇంకో సౌకర్యం ఉంది, పేరు విషయంలో ప్రభుత్వం పెద్దగా జోక్యం చేసుకోదు. ఫ్రాన్సులో 1803 నాటి చట్టం ప్రకారం ఆమోదించిన పేర్లలోంచే పెట్టుకోవాలని ఉండేది, 1993లో గానీ ఆ పట్టు సడలలేదు. ఐస్‌లాండ్‌లో 1991 నుంచి పేర్ల కమిటీయే ఉంది, కొత్త పేరు వాళ్ళ భాషకి ఒదుగుతుందో లేదో చూసి గానీ ఒప్పుకోదు. ఇక్కడ ఆంక్షలు రాష్ట్రానికొక రకం, అవీ కొద్ది. కాలిఫోర్నియాలో చాలాకాలం ఇంగ్లీషు 26 అక్షరాలే వాడాలని, స్పానిష్ వాళ్ళు అక్షరాల మీద పెట్టుకునే గుర్తులు పనికిరావని ఉండేది. అంతకుమించి మీ ఇష్టం. ఆ ఇష్టంలోంచే నెవేయా పుట్టింది.

ఇక మా ఇంటి సంగతికి వస్తాను. ఇది రాయడానికి కొంచెం సిగ్గుగానే ఉంది.

మా అమ్మాయి పేరు నీరాజ. "రా"కి దీర్ఘం ఉంది గమనించండి. పదేళ్ళ క్రితం తను పుట్టినప్పుడు ఆస్పత్రిలో రెండో రోజే జనన ధ్రువపత్రం ఫారం తెచ్చి పేరు రాయమన్నారు. మన ఊళ్ళో అయితే బారసాల దాకా, ఇరవై ఒకటో రోజు దాకా గడువు. పళ్ళెంలో బియ్యం పోసి తండ్రి చేత ఉంగరంతో రాయిస్తారు. నక్షత్రాన్ని బట్టి మొదటి అక్షరం పంతులుగారు చెబుతారు. తాతల పేర్లు, నాయనమ్మల పేర్లు, ఇలవేల్పు పేరు అన్నీ వరసలో నిలబడి ఉంటాయి. పుట్టిన పిల్లలు పుట్టినట్టే పోతుంటే, ఈసారి పుట్టినవాడిని మృత్యువు కూడా ముట్టుకోకూడదని పెంటయ్య, పిచ్చయ్య అని పెట్టిన రోజులున్నాయి. ఆ పేర్లు విని నవ్వేవాళ్ళకి వాటి వెనక ఎంత ఏడుపుందో తెలియదు. ఇక్కడ నా చేతిలో ఒక బాల్ పెన్ను, ఎదురుగా నవ్వుతూ నిలబడ్డ నర్సు. ముందురోజు రాత్రి నేనూ నీలిమా అనుకున్నది రాసేశాను. నీలిమలోంచి "నీ", రాజేష్‌లోంచి "రాజ". నీరాజ.

ఎవరైనా అర్థం అడిగితే "నీరాజనం లోంచి తీశాం, హారతి అన్నమాట" అని చెప్పేవాణ్ణి. అది తరవాత అతికించిన అర్థం. నిఘంటువులో నీరాజనం ఉంది, నీరజ ఉంది. నీరాజ నాకు కనిపించలేదు. మా అమ్మాయికి కూడా ఇన్నేళ్ళూ హారతి కథే చెప్పాను.

ప్రాజెక్టు కాగితంలో ఒక ప్రశ్న ఉంది. "మీ పేరు ఎవరు ఎంచుకున్నారు? ఎందుకు?" మా అమ్మాయి పెన్సిల్ పట్టుకుని నన్ను పిలిచింది. నేను నోరు తెరిచేలోగా అమ్మ అందుకుంది.

"ఎందుకేమిటే? నా పేరే నీకు పెట్టారు."

అమ్మ పేరు జలజ. జలంలో పుట్టింది జలజ. నీరంలో పుట్టింది నీరజ. రెండూ తామరపువ్వే. కొడుకు అమెరికా వెళ్ళినా అమ్మని మర్చిపోలేదు, పాతకాలం పేరు మరీ మొరటుగా ఉంటుందని అదే అర్థం వచ్చేలా కొత్తగా పెట్టాడని అమ్మ పదేళ్ళుగా నమ్ముతోంది. పచ్చళ్ళ పార్సెల్ మీద ఎప్పుడూ "చి. నీరజకు" అని రాసేది. పెద్దావిడ దీర్ఘం మర్చిపోతోందని మేము అనుకునేవాళ్ళం. ఇంగ్లీషులో రాస్తే రెండూ ఒకటే కాబట్టి ఎవరికీ అనుమానం రాలేదు.

అబద్ధం చెప్పడానికి అప్పటికీ అవకాశం ఉంది. తల ఊపితే సరిపోయేది. కానీ ఎదురుగా నెవేయా అనే పిల్ల, తన పేరు కథ ఉన్నదున్నట్టు చెప్పి, నా వైపే చూస్తోంది. నిజం చెప్పాను. నీలిమలోంచి ఇంత, నాలోంచి ఇంత, ఆస్పత్రి ఫారం, హారతి తరవాత అతికించింది, అంతా.

అమ్మ చిక్కుడుకాయ ఈనె తీస్తూనే ఉంది. కాసేపటికి అంది. "మరి మన వీధంతా చెప్పుకున్నానేరా. మీ పిన్నికి కూడా చెప్పాను."

అంతే. కోపం లేదు. గిన్నె తీసుకుని పొయ్యి దగ్గరికి వెళ్ళిపోయింది. ఆ తరవాత రెండు రోజులు మనవరాలిని పేరు పెట్టి పిలవలేదు. "అమ్మాయ్, పాలు తాగు", "అమ్మాయ్, జడ వేస్తా రా". నీలిమ వెళ్ళి "అత్తయ్యగారూ, అప్పుడు మాకు తోచలేదండీ" అంటే, "దాందేముందిలే నీలిమా" అంది. ఆ "దాందేముందిలే" తరవాత నాకు నిద్ర పట్టలేదు.

మూడో రోజు నెవేయా మళ్ళీ వచ్చింది. పిల్లలకి పోస్టరు ఇంకా మిగిలే ఉంది. వాళ్ళిద్దరికీ కాలక్షేపంగా ఉంటుందని లాప్‌టాప్ తెచ్చి, నేను ఎగతాళి చేసిన ఆ మొదటి సెమిస్టర్ ప్రోగ్రామే రాసి చూపించాను. పిల్లలూ, మీ ఇంట్లో కంప్యూటరున్న ఎవరినైనా అడగండి, చేసి చూపిస్తారు. ఇంగ్లీషు అక్షరాల్లో హెవెన్ ఇస్తే నెవేయా వచ్చింది. పెద్ద గొప్పేం కాదు. తెలుగులో "హెవెన్" అని ఇవ్వాలంటే చిక్కొచ్చింది. మన లెక్కలో అక్షరం అంటే హల్లూ దాని గుణింతమూ కలిసి ఒకటి. హె, వె, న్. తిరగేస్తే పొల్లు అక్షరంతో మొదలవ్వాలి. అది నోటితో అనలేం. అంటే తెలుగులో ఈ పేరు పుట్టే అవకాశమే లేదన్నమాట.

"నా పేరు చెయ్యి" అంది మా అమ్మాయి. నీరాజ అని కొట్టాను. చేత్తో తిరగేస్తే జ, రా, నీ. జరానీ. కంప్యూటరు మాత్రం "జారీన" అని చూపించింది! ఎందుకంటే దాని లోపల "నీ" ఒక అక్షరం కాదు, "న" వేరు, గుడి దీర్ఘం వేరు. అలాగే "రా" కూడా. అయిదు సంకేతాలు. వాటిని గుడ్డిగా తిరగేస్తే "న" మీద ఉన్న గుడి దీర్ఘం వెళ్ళి "ర"కి తగులుకుంది, "ర" దీర్ఘం వెళ్ళి "జ"కి తగులుకుంది. ఎవరి దీర్ఘం ఎవరికి పోయిందో చూడండి. పిల్లలిద్దరూ జారీన, జారీన అని ఒకటే నవ్వు. లత తిరగేస్తే తల వచ్చింది. రమ తిరగేస్తే మర వచ్చింది. కవితని చేత్తో తిరగేస్తే తవిక. ఈ మాట మన కుర్రకవులకి బాగా తెలుసు.

అప్పటిదాకా ఊరుకున్న అమ్మ, నవ్వులు విని చేతులు తుడుచుకుంటూ వచ్చింది. మా అమ్మాయి చటుక్కున "నాయనమ్మ పేరు!" అంది. జలజ అని కొట్టాను. మీట నొక్కాను.

జలజ.

నెవేయా ప్రోగ్రాం పాడైందనుకుంది. ఇంకోసారి నొక్కమంది. మళ్ళీ జలజే. కాగితం మీద మా అమ్మాయి మూడక్షరాలూ రాసిస్తే, ఆ పిల్ల వేలు పెట్టి ఎడమనుంచి ఒకసారి, కుడినుంచి ఒకసారి చూసుకుంది. "ఈమెది ఎటునుంచి వచ్చినా ఈమే" అంది ఇంగ్లీషులో. మా అమ్మాయి అనువాదం చేసింది.

"తెనాలి దాన్ని మరి. వికటకవి ఎవరనుకున్నారు?" అంది అమ్మ. ఇక తెనాలి రామకృష్ణుడు, కాళికాదేవి, పాలగిన్నె, పెరుగుగిన్నె, అమ్మవారు ఇచ్చిన బిరుదు ఎటునుంచి చదివినా ఒకటే అవడం, అన్నీ మొదలయ్యాయి. ఆ కథ చెబుతూ మధ్యలో "ఇదుగో నీరజా, ఆ నీళ్ళ గ్లాసు ఇలా ఇయ్యి" అంది. అని ఆగింది. నా వైపు చూసింది.

"ఒరేయ్ రాజేషూ, ఆ దీర్ఘం ఒక్కటే మీది. తక్కిన మూడక్షరాలూ నావే."

నేను కాదనలేదు. లెక్క ప్రకారం కూడా అది సరిగ్గానే ఉంది.

పోస్టరులో మా అమ్మాయి రెండు కథలూ రాసింది. ఎడమవైపు అమ్మానాన్నలది, కుడివైపు నాయనమ్మది. మధ్యలో తామరపువ్వు బొమ్మ. హారతి కథ తీసేసింది. నెవేయా పోస్టరులో వాళ్ళ అమ్మమ్మ ఫోటో, మేఘాలు, ఒక మూలన తలకిందులుగా వేలాడుతున్న కిరీటం పెట్టుకున్న మనిషి. టీచరు ఆయనెవరని అడిగితే విశ్వామిత్రుడి స్నేహితుడని చెప్పిందట.

అమ్మ అక్టోబరులో తెనాలి వెళ్ళిపోయింది. డిసెంబరులో గోంగూర పచ్చడి, సున్నుండలు, జంతికలు పార్సెల్ వచ్చాయి. పైన ఎప్పటిలాగే నీలం సిరాతో "చి. నీరజకు" అని ఉంది. "ర" తలకట్టు దగ్గర మాత్రం, తరవాత ఎప్పుడో గుర్తొచ్చి ఇరికించినట్టు, ఎర్ర సిరాతో చిన్న దీర్ఘం ఉంది. అట్టపెట్టెలోంచి ఆ ముక్క కత్తిరించి మా అమ్మాయి తన గదిలో గోడకి అంటించుకుంది.